ఐదడుగుల మూడంగుళాలు

వీరేందర్ ఫస్ట్ షిఫ్టు దిగి ఇంటికి చేరే వేళకు అనసూర్య మూడు పనులు చేసి పెట్టేది. బకెట్లో వేడినీళ్లు పోసి ఉంచడం, తువ్వాల తలుపు మీద వేయడం, ఇంటి నడుమ ఎత్తుగా వేలాడేవి ఏమైనా ఉంటే తీసి పక్కన పెట్టడం. మొదటి రెండూ సెంటినరీ కాలనీలో ఏ ఇల్లాలైనా చేసేవే. మూడోది ఆ ఒక్క క్వార్టరుకే అవసరం. ఎందుకంటే వీరేందర్ వెంట అతని రూఫు కూడా ఇంట్లోకి వచ్చేది.

రూఫంటే బాయి రూఫు. బొగ్గు గనిని ఆ పక్కల బాయి అంటారు. వీరేందర్ పనిచేసే చోట బొగ్గు పొర పలచన. పైకప్పు నేల నుంచి సరిగ్గా ఐదడుగుల మూడంగుళాలు. అతనేమో ఐదడుగుల తొమ్మిది. షిఫ్టు అయిపోయి పైకొచ్చాక అందరి రూఫులూ బాయిలోనే ఉండిపోయేవి. అతనిది మాత్రం అతని తల మీదే వచ్చేది. కంటికి ఆనదు. చుట్టూ బారెడు మేర ఉంటుంది. పొడుగు మనిషెవరైనా దగ్గరికొచ్చి పలకరించబోతే నుదురు టక్కున తగిలేది. “ఓహో, నువ్వా వీరేందరన్నా” అని నుదురు రుద్దుకుంటూ, మెడ వంచి మాట మొదలుపెట్టేవారు. పాలాయనకు, కరెంటు బిల్లు ఆయనకు, యూనియన్ వాళ్లకు అందరికీ అలవాటే. వానాకాలం అంగట్లో అతని చుట్టూ నలుగురు ఆడవాళ్లు కూరగాయల సంచులతో చేరేవారు. పగుళ్లలోంచి అక్కడో చుక్క ఇక్కడో చుక్క కారేది, అంతే.

అతను ఇంట్లో ఉన్నప్పుడు అనసూర్య ఊదుబత్తి వెలిగిస్తే, ఆ పొగ ఐదడుగుల మూడంగుళాల దాకా నిలువుగా లేచి, అక్కడ చాప పరిచినట్టు అడ్డంగా పరుచుకునేది. అందుకే ఆమె మల్లన్న పటాన్ని గోడకు నడుమెత్తున కొట్టించింది. మాతో పాటు దేవుడు కూడా వంగాడని మనసులో అనుకుని దండం పెట్టుకునేది.

ఆ రూఫు వీరేందర్ సంపాదించుకున్నది కాదు. తండ్రి ఆగయ్య ఇచ్చింది. ఆగయ్య ముప్పై ఏళ్లు బాయిలో బొగ్గు తట్టలు మోశాడు. నడుము సగానికి వంగిపోయాక కంపెనీ దవాఖానలో డాక్టర్ల బోర్డు కూర్చుని అన్‌ఫిట్ అని రాసింది. తండ్రి అన్‌ఫిట్ అయితే పిల్లల్లో ఒకరికి ఆ ఉద్యోగం వస్తుంది. ఆర్డరు చేతికొచ్చిన రోజు ఆగయ్య వాకిట్లో నిలబడి, కర్రతో తన తల మీది రూఫును మూడు చోట్ల కొట్టి, చెవి పెట్టి విన్నాడు. ఖంగుమంది.

“గట్టిగున్నది బిడ్డా. తీస్కో,” అని తన డ్యూటీ నంబరున్న ఇత్తడి బిళ్ల కొడుకు అరచేతిలో పెట్టాడు.

ఒక చల్లటి గాలి అటు నుంచి ఇటు జరిగింది. ఆగయ్య నడుము నిలువునా లేచింది. తల ఎత్తి చూసి, “ఏందిరా, ఆకాశం గింత మీదికుంటదా!” అన్నాడు. ఇప్పుడతనికి డెబ్బై ఎనిమిదేళ్లు. నిట్రాటలా నిటారుగా నడుస్తాడు. కొడుకు ఎదుట పడితే మాత్రం ఏదో ఒక చోటు చూసుకుని కూర్చుండిపోతాడు.

పెళ్లిలో అనసూర్య పోసిన తలంబ్రాలు వీరేందర్ తల మీద పడలేదు. తలకు కాస్త పైన గాలిలోనే ఆగిపోయాయి. “చెయ్యి జర కిందికి పెట్టి పొయ్యి బిడ్డా,” అని అయ్యగారు చెప్పి మంత్రం అందుకున్నారు. మొదటి దోసిలి మాత్రం పైనే ఉండిపోయింది. బిడ్డ యమునకు ఆరేళ్లప్పుడు పాలపన్ను ఊడితే, ఇంటి కప్పు మీదికి విసరబోయి, గురి తప్పి బాపు రూఫు మీద వేసింది. అదీ అక్కడే. బతుకమ్మ పూల రేకులు, వేపాకులు, ఎవరిదో షటిల్ కాక్. బొగ్గు దుమ్ము పడీ పడీ అవేవీ కంటికి కనపడకుండా పోయాయి.

ఉద్యోగం రాకముందు రెండేళ్లు వీరేందర్ హైదరాబాదులో సినిమా గ్రూప్ డ్యాన్సరు. అప్పుడన్నీ కాలేజీ పిల్లల సినిమాలే. క్యాంటీన్లో ఒక పాట, బస్సు మీద ఒక పాట, ఫేర్‌వెల్ రోజున ఒక పాట. నలభై మంది భుజాన బ్యాగులతో ఒక్కసారి గాల్లోకి లేవాలి. వీరేందర్‌ది మూడో వరుస. ఒకనాడు డ్యాన్స్ మాస్టరు, “ఎగిరితే ఆ మూడో వరుస పొడుగోడు ఎగిరినట్టు ఎగరాలె. రేపు వాణ్ని ముందుకు తీస్కరండి,” అన్నాడు. ఆ సాయంత్రమే ఊరి నుంచి ఫోనొచ్చింది. నాయిన అన్‌ఫిట్ అయిండు, జల్ది రమ్మని. ముందు వరుసలో అతను ఎన్నడూ నిలబడలేదు.

బాయిలో అతను టింబర్‌మ్యాన్. కర్రతో రూఫు కొట్టి చూసి, అనుమానమున్న చోట మొద్దులు ఆనించడం అతని పని. సాయంత్రం పూట కమ్యూనిటీ హాలు వెనక గ్రౌండులో కాలనీ పిల్లలకు డ్యాన్సు నేర్పేవాడు. స్కూళ్ల యాన్యువల్ డేలకు, గణపతి నవరాత్రులకు అన్నీ అతను పెట్టినవే. కొత్త సినిమాలో టీనేజీ పిల్లలు వేసిన మూమెంట్‌ను ఫోన్లో చూసి, దాన్ని ఐదడుగుల మూడంగుళాల్లో ఇమిడేలా కుదించి చెప్పేవాడు. పైకి పోవలసిన చెయ్యి పక్కకు పోయేది. ఎగరవలసిన చోట మోకాలు వంగేది. ఎనిమిదో లెక్క దగ్గర తల దించడం అతనికి తెలియకుండానే పడిపోయింది. మాస్టరు ఎలా చేస్తే పిల్లలూ అలాగే. అతనికి ఎంతో దూరాన, పైన ఏ అడ్డూ లేని చోట ఆడే పిల్లలు కూడా ఎనిమిది రాగానే తల దించేవారు. తల్లిదండ్రులెవరూ దాన్ని తప్పనుకోలేదు. వాళ్లలో సగం మంది బాయిలో అలాగే నడుస్తారు.

యమునకు పందొమ్మిది. డిగ్రీ రెండో ఏడు. తండ్రి ఒకసారి చేసి చూపిస్తే, ఆమె ఆ మూమెంట్‌ను ముక్కలుగా విప్పి, పిల్లల ఎదురుగా నిలబడి, తన కుడిని వాళ్లకు ఎడమ చేసి, ఎంత మొండి పిల్లకైనా పది నిమిషాల్లో ఎక్కించేది. గొంతు పెంచేది కాదు. రాని పిల్ల పక్కన వెళ్లి నిలబడేది, అంతే.

పోయిన చలికాలం నుంచి వీరేందర్ మెడ ఎడమకు తిరగడం మానేసింది. నడుము వంగిపోయింది. మొద్దు ఎత్తబోతే కళ్లకు చీకట్లు కమ్మాయి. దరఖాస్తు పెట్టాడు. మెడికల్ బోర్డు తేదీ వచ్చింది, మంగళవారం. డాక్టర్లు అతన్ని చూస్తే చాలు, ఇంకో మాట ఉండదని అందరూ అన్నారు.

“యమునది అదృష్టం. ఇంట్ల కూసున్న కాడికి నౌకరి వస్తున్నది,” అంది పక్కింటామె.

“మల్లన్న దయ వదినె,” అంది అనసూర్య. ఉద్యోగంతో పాటు ఇంకేం వస్తుందో వాడకట్టులో తెలియనివాళ్లు లేరు. ఎవరూ ఆ మాట ఎత్తలేదు. అనసూర్య మాత్రం ఒక మధ్యాహ్నం సుత్తి తీసుకుని, యమున అద్దాన్ని జానెడు కిందికి దించి కొట్టింది.

శనివారం వీరేందర్ ఇంటికొచ్చి గేటు దగ్గర చెప్పులు విడుస్తుంటే, కిటికీలోంచి బిడ్డ కనపడింది. జడ వేసుకుంటోంది. మెడ వంచి, భుజాలు ముడుచుకుని, అచ్చం తనలాగే. గేటు నుంచి ఆ గదికి పది గజాలు. అతని రూఫు అక్కడిదాకా పోదు.

“యమునా, నేనింక గేటు కాడనే ఉన్నగదనే. నీ మీద ఏమున్నదని వంగినవ్?”

“అలవాటు చేస్కుంటున్న బాపూ. మంగళవారం పోతే ఎట్లైనా తప్పదు గద.” పరీక్షల టైంటేబుల్ చెప్పినట్టు చెప్పింది. జడకు రబ్బరు వేసుకుని లోపలికెళ్లి అతనికి మంచినీళ్లు తెచ్చింది.

మర్నాడు ఆదివారం. కాలనీలో సినిమావాళ్లు దిగారు. బొగ్గు ఊరి స్కూల్లో ఇంటర్ చదివే పిల్లల కథట. ఒక పాటకు నలభై మంది స్థానిక పిల్లలు కావాలన్నారు. గ్రౌండులో నలభై మందీ స్కూలు డ్రస్సులతో వరుసలు కట్టారు. టోపీ పెట్టుకున్న డ్యాన్స్ మాస్టరు చిటికెలు వేస్తూ లెక్క చెప్పాడు.

“ఫైవ్, సిక్స్, సెవెన్, ఎయిట్. ఎయిట్‌కు అందరు గాల్ల ఉండాలె!”

ఎనిమిది రాగానే నలభై తలలు కిందికి వంగాయి.

“అరే, ఎగరమంటే దాక్కుంటరేందిరా? పైన ఏమన్న తాకుతున్నదా?”

“తాకుతది సార్,” అంది ముందు వరుసలో పిల్ల, నవ్వకుండా.

నాలుగోసారి కూడా నలభై తలలూ వంగేసరికి మాస్టరు టోపీ తీసి నేలకేసి కొట్టాడు. “మీకు నేర్పిన మహానుభావుడెవడో పిలువుర్రి. వాని కాళ్లు మొక్కుత!”

గ్రౌండు చివర నుంచి వీరేందర్ వంగి వంగి వచ్చాడు. మాస్టరు అతని మొహంలోకి పట్టి చూశాడు. “వీరూ? మూడో వరుస వీరూ!” అని కౌగిలించుకోబోయాడు. నుదురు టక్కుమంది. రుద్దుకుని, నవ్వి, మెడ వంచి మళ్లీ కౌగిలించుకున్నాడు. అతని పేరు భూపాల్. బెల్లంపల్లి మనిషి. అప్పుడు అతనూ గ్రూప్ డ్యాన్సరే. ఆ రెండేళ్లూ హైదరాబాదు కృష్ణానగర్లో ఇద్దరిదీ ఒకే గది, ఒకే స్టవ్వు.

“వీళ్లకు ఎగురుడు రెండు దినాలల్ల రాదు సార్,” అంది యమున, తండ్రి వెనక నుంచి. “ఏమనుకోకపోతే, వచ్చిందే పెడదామా? బాయిల మా బాపు చేసే పని. కర్రతోని రూఫు కొడ్తరు. చెవి పెట్టి ఇంటరు. ఖంగుమంటే గట్టిది. సప్పుడు డొల్లగొస్తే రెండడుగులు ఎనుకకు. ఐదుకు కొట్టుడు, ఆరుకు ఇనుడు, ఏడు ఎనిమిదికి ఎనుకకు.”

“ఏదీ, చెప్పు వాళ్లకు.”

ఆమె పిల్లల ఎదురుగా నిలబడింది. పది నిమిషాలు కూడా పట్టలేదు. పాట వేశారు. నలభై చేతులు లేచి, గాలిని కొట్టి, నలభై తలలు ఓరగా వంగి ఒక లెక్క ఆగాయి. అందరూ ఒకేసారి వెనక్కి రెండడుగులు. లైట్లవాళ్లు కూడా పని ఆపి పైకి చూశారు, ఏమన్నా పడుతుందేమోనని.

భూపాల్ పిల్లలను చూడలేదు. యమునను చూస్తూ ఉండిపోయాడు.

ఆ మధ్యాహ్నం ఇంటికొచ్చి, చాయ్ తాగుతూ మాట బయటపెట్టాడు. “వీరూ, మూమెంట్లు పెట్టెటోళ్లు నాకు మస్తు మంది ఉన్నరు. నలభై మందికి పది నిమిషాలల్ల చెప్పెటోళ్లు లేరు. బిడ్డను నాతోని పంపు. అసిస్టెంట్‌గ చేర్చుకుంట. మా ఇంట్ల, నా భార్య కాడ ఉంటది. ఇంకో ఐదేండ్లకు ఆమెనే మాస్టరైతది.”

వీరేందర్ భార్య వైపు చూశాడు. అనసూర్య బిస్కెట్ల ప్లేటు భూపాల్ దగ్గరికి జరిపి, నెమ్మదిగా అంది. “మంగళవారం బోర్డున్నదన్నా. పాటలు ఎన్ని దినాలుంటయి? బాయి ఎక్కడికి పోదు.”

“బాయి గూడ పోతది చెల్లె. మా నాయిన బాయి మూతపడ్డది. నాకియ్యనీకె ఆయన తాన ఏం మిగల్లే. గందుకే నేను డ్యాన్సర్‌గనే మిగిలిన,” అని నవ్వాడు.

“నువ్వేమంటవ్ బిడ్డా?” అని భూపాల్ యమునను అడిగాడు.

“నేనొస్తే ఇది ఎవరికి పోతది సార్?” అంది యమున, తండ్రి తల పైకి చూపిస్తూ. “ఎవరికీ పోదు. బాపు మీదనే ఉంటది. ఆయన సంగతి చూస్తున్నరు గద. నేను తీస్కుంటే బాపు నిలబడ్తడు, తాత నిలబడ్డట్టు. నేను రాను సార్.”

గుమ్మం పక్కన మంచం మీద కూర్చున్న ఆగయ్య కండువా మొహం మీదికి లాక్కున్నాడు. వీరేందర్ లేచి పెరట్లోకి పోయాడు. బిడ్డ చెప్పిన దాంట్లో తప్పు పట్టడానికి ఏమీ లేదు. తీసుకునే మనిషుంటేనే రూఫు దిగుతుంది. తనకు తెలిసిన దారి అదొక్కటే. ఆ దారికి ఆ చివర బిడ్డ నిలబడి ఉంది. ఎటు జరిగినా ఇద్దరిలో ఒకరి మెడ వంగే ఉంటుంది.

సోమవారం పొద్దున షూటింగ్. వీరేందర్ సెలవు పెట్టాడు. నలభై మంది నడుమ నిలబడి, నిజంగా కర్ర పట్టుకుని ఒకసారి రూఫు కొట్టాలన్నాడు భూపాల్. “దగ్గర్నుంచి తీస్త వీరూ. నీ చెయ్యి, నీ చెవి. గంతే. ఇరవై మూడేండ్లకైనా ముందు వరుసల నిలబడు.”

కమ్యూనిటీ హాలు మెట్ల మీద ఆగయ్య కూర్చున్నాడు. అనసూర్య టిఫిన్ డబ్బాతో వచ్చి అతని పక్కన నిలబడింది. పాట మొదలైంది. యమున కెమెరా పక్క నుంచి వేళ్లతో లెక్క చూపిస్తోంది. ఐదు.

వీరేందర్ కర్ర ఎత్తి, తల మీద కొట్టాడు.

బాయిలో రోజుకు వందసార్లు చేసే పని. తన సొంత రూఫును మాత్రం అతను ఎప్పుడూ కొట్టి చూడలేదు. నాయిన కొట్టి చూసి ఇచ్చాడు కదా, ఖంగుమంది కదా అని ఇన్నేళ్లూ దాన్ని మోసుకుంటూ తిరిగాడు. ఊళ్లో రూఫులన్నింటినీ అనుమానించే మనిషి ఈ ఒక్కదాన్నే నమ్మాడు.

డమ్మ్ అంది.

పాట అంత గట్టిగా మోగుతున్నా ఆ చప్పుడు వినపడింది. అతని పక్కనున్న ఆరుగురు పిల్లలు లెక్క రాకముందే వెనక్కి రెండడుగులు వేశారు. బాయి మనుషుల పిల్లలు, వాళ్లకు ఎవరూ చెప్పనక్కరలేదు. మెట్ల మీద ఆగయ్య లేచాడు. ఇరవై మూడేళ్లలో మొదటిసారి కొడుకు ఎదుట నిలబడి, గ్రౌండులోకి నడిచొచ్చాడు.

“ఇంకోపాలి కొట్టు.”

వీరేందర్ పక్కన కొట్టాడు. డమ్మ్. వెనక కొట్టాడు. డమ్మ్.

“నేనిచ్చిననాడు గట్టిగుండె బిడ్డా.”

“గప్పుడు గట్టిదే నాయినా.”

“ఒక మొద్దు ఆనిచ్చుకో. రేపటి దాక ఆగుతది. రేపు బోర్డు గద.”

“రేపు ఆగుతది. ఎల్లుండి ఎవరి మీద పడ్తది నాయినా?”

ఆగయ్య యమున వైపు చూశాడు.

వీరేందర్ లైట్లవాళ్ల దగ్గర ఒక ఇనుప రాడ్డు అడిగి తీసుకున్నాడు. డొల్ల అని తెలిసిన రూఫును వదిలేయకూడదు, కింద ఉన్న మనుషులను పక్కకు పంపించి దించేయాలి. బాయిలో మొదటి రోజు నేర్పే పాఠం అది. దించేస్తే ఏమవుతుందో అందరికంటే ముందు అనసూర్యకు తట్టింది. పరుగున వచ్చింది, బారెడు దూరంలో ఆగిపోయింది.

“యమున బాపూ, రేపు బోర్డున్నది! నడుము లేస్తే డాక్టర్లు ఏం రాస్తరు? మల్ల ఈ నౌకరి ఎవరిది?”

“నాదే,” అన్నాడు వీరేందర్.

“రిటైరుకు పదిహేడేండ్లు ఇంక!”

“ఔ. పదిహేడేండ్లు.” నవ్వబోయాడు, మెడ పట్టేసింది. “పిల్లలను ఎనుకకు తీస్కపో అనసూర్యా.”

పిల్లలందరూ గ్రౌండు అంచుకు పోయారు. యమున పోలేదు. “బాపూ, బాయిల అయితే దించినంక పక్కకు దుంకుతరు. నువ్వెటు దుంకుతవ్? ఎటు పోయినా అది నీ మీదనే వస్తది గద!”

“గది నేను చూస్కుంట. నువ్వు ఎనుకకు నడువు. నడుసుకుంట లెక్క చెప్పు. నలభై మందికి చెప్పినట్టు చెప్పు నాకు.”

ఆమె వెనక్కి నడిచింది. గొంతు పెంచలేదు. “ఐదు,” అంది. వీరేందర్ రాడ్డు ఎత్తి తల మీద ఒక పగులు వెతుక్కున్నాడు. “ఆరు.” రాడ్డు మొన పగుల్లోకి దిగింది. అనసూర్య పెదవులు మల్లన్న పేరు పలుకుతున్నాయి. “ఏడు.” బలమంతా పెట్టి రాడ్డును కిందికి గుంజాడు. పైన ఎక్కడో గట్టిది ఏదో కదిలిన చప్పుడైంది.

“ఎనిమిది!”

ఎనిమిదికి అతను తల దించలేదు. ఎగిరాడు.

రూఫు కిందికొస్తుంటే అతను పైకి పోయాడు, మూడో వరుస పొడుగోడు ఎగిరినట్టు. డొల్ల రూఫు నల్లటి దుమ్మై, పిండిలా అతని చుట్టూ రాలింది. ఒక్క క్షణం అతని తల, భుజాలు ఆ దుమ్ముకు పైన ఎండలో కనపడ్డాయి. కాళ్లు నేల తాకేసరికి గ్రౌండంతా నల్లగా, మెత్తగా, చప్పుడు లేకుండా ఉంది. ఆ నలుపు మీద చివరగా పసుపు బియ్యం గింజలు రాలాయి. పూల రేకులు, ఎండిన వేపాకులు, ఒక షటిల్ కాక్. యమున కాళ్ల ముందు బియ్యపుగింజంత తెల్లగా ఏదో పడి దొర్లింది. వంగి తీసి చూసుకుంది. తన పాలపన్ను.

వీరేందర్ దుమ్ములో నిలబడి ఉన్నాడు. మెడ ఎడమకు తిప్పాడు. తిరిగింది. పైకి చూసి కళ్లు చికిలించుకున్నాడు.

“సూశినవా,” అన్నాడు ఆగయ్య, “ఎంత మీదికుంటదో!”

భూపాల్ కట్ చెప్పడం మరిచిపోయాడు. కెమెరావాళ్లు లెన్సు తుడుచుకున్నారు. గ్రౌండు ఊడ్పించి మళ్లీ తీశారు. ఈసారి వీరేందర్ చెయ్యి మాత్రమే పడింది. అతని తల ఫ్రేములో పట్టలేదు.

మంగళవారం బోర్డులో ముగ్గురు డాక్టర్లు అతన్ని నిలబెట్టారు, కూర్చోబెట్టారు, వంగి కాలివేళ్లు తాకమన్నారు. తాకాడు. బరువెత్తమన్నారు. ఎత్తాడు. ఎత్తు కొలిచే బల్ల దగ్గర నిలబెడితే ఐదడుగుల తొమ్మిది. పెద్ద డాక్టరు ఫైలునూ మనిషినీ రెండుసార్లు మార్చి మార్చి చూసి, ఫిట్ అని రాశాడు.

బస్సులో తిరిగి వస్తున్నప్పుడు అనసూర్య కిటికీ వైపు మొహం తిప్పుకుని కూర్చుంది. చాలాసేపటికి ఇటు తిరిగింది. అతని చెవి వెనక జుట్టులో ఏదో కనపడింది. వేళ్లతో తీసి అరచేతిలో పెట్టుకుని దుమ్ము తుడిచింది. పసుపు బియ్యం గింజ.

“మొదటి దోసిలి,” అంది. కొంగున ముడేసుకుంది.

తర్వాతి ఆదివారం రామగుండం స్టేషన్లో యమునను హైదరాబాదు బండి ఎక్కించారు. బయల్దేరే ముందు ఆమె పాలపన్నును ఈసారి గురి చూసి క్వార్టరు కప్పు మీదికే విసిరి వచ్చింది. బ్యాగు భుజాన వేసుకుని పెట్టె ఎక్కుతూ, తలుపు దగ్గర అలవాటుగా మెడ వంచింది. వంచి ఆగింది. ఒక చెయ్యి తల మీదికెత్తి గాలిని తడిమి చూసింది. ఏమీ లేదు. నెమ్మదిగా నిలువయింది.

“పైసలు జాగ్రత్త. పొద్దుగాల దీపం పెట్టుకో. భూపాలన్న భార్య చెప్పినట్టు ఇను,” అంటూ అనసూర్య కిటికీ వెంట నడిచింది. బండి కదిలింది. వీరేందర్ ప్లాట్‌ఫారం మీద అందరికంటే ఎత్తుగా నిలబడి ఉన్నాడు. ఆఖరి పెట్టె మలుపు తిరిగేదాకా యమునకు అతను కనపడుతూనే ఉన్నాడు. ఆ వెంటనే అతను సెకండ్ షిఫ్టుకు పోయాడు. బాయిలో రూఫు అక్కడే ఉంది, ఐదడుగుల మూడంగుళాలు. మెడ వంచి లోపలికి నడిచాడు.

మర్నాడు పొద్దున అనసూర్య ఊదుబత్తి వెలిగించింది. వీరేందర్ పక్కనే నిలబడి ఉన్నా పొగ ఆగలేదు. నిలువుగా లేచి ఫ్యాను దాటి కప్పును తాకింది. ఆమె సుత్తీ మేకూ తెచ్చి మల్లన్న పటాన్ని మనిషెత్తున కొట్టించింది. కింద పాత మేకు మిగిలిపోయింది. పీకుదామా అని వీరేందర్ అడిగితే వద్దంది. దానికి అతని ఇత్తడి బిళ్ల తగిలించింది. డ్యూటీకి పోయేటప్పుడు దాన్ని అందుకోవడానికి ఇంట్లో అతను ఆ ఒక్కసారే వంగుతాడు.